చెప్పి తాకే చెయ్యి

రేడియో అక్కకి తలల గురించి బాగా తెలుసు. లోపలి సంగతి కాదు, అది తేల్చడానికి వేరే పెద్దవాళ్ళున్నారు. ఆమెకు తెలిసింది పైభాగం. ఎవరి జుట్టు ఒత్తు, ఎవరి సుడి ఎటు తిరిగింది, నూనె రాసుకోవద్దని చెప్పినా చాటుగా రాసుకొచ్చిందెవరు, రంగు వేసుకుని వెయ్యలేదని బుకాయిస్తున్నదెవరు, ఇవన్నీ ఒక్కసారి వేళ్ళు పెడితే చెప్పేస్తుంది. పైకే చెప్పేస్తుంది, పక్క గదిలో వాళ్ళకి కూడా వినపడేలా. అందుకే ఆమెకు ఆ పేరు. కన్నవాళ్ళు పెట్టిన పేరు జీతం రోజున తప్ప ఎవరికీ గుర్తు రాదు.

ఆమె పనిచేసే చోటు ఒక కాలేజీ పాత భవనంలో మేడ మీద ఉంటుంది. కారిడార్ చివర, మందపాటి తలుపు వెనక, కిటికీ కూడా చెక్కతో మూసేసిన చిన్న గది. గదిలో పళ్ళ డాక్టరు దగ్గర ఉండేలాంటి వాలు కుర్చీ, పక్కన ఒక సింకు, దానికి చేత్తో పట్టుకునే షవరు. ధ్యానం చేస్తున్నప్పుడు మనిషి మెదడులో ఏం జరుగుతుంది, అసలు స్పృహ అంటే ఏమిటి అని కనుక్కోవడానికి పెట్టిన గది అది. దాన్ని నడిపేది డాక్టరమ్మ. మందులిచ్చే డాక్టరు కాదు, చదువుకున్న డాక్టరు. మధ్యాహ్నం భోజనం చేశానో లేదో సాయంత్రం ఎవరినైనా అడిగి తెలుసుకునే రకం.

ఒకప్పుడు రేడియో అక్క బ్యూటీ పార్లర్‌లో జుట్టు కత్తిరించేది. డాక్టరమ్మ అక్కడికే వచ్చేది. ఒక వెంట్రుక కూడా లాగకుండా పాయలు తీసే ఆ వేళ్ళు చూసి, "నాతో వచ్చెయ్యండక్కా, మీ పనే, కాకపోతే కత్తిరించక్కర్లేదు" అని తీసుకొచ్చేసింది. నిజంగా అదే పని. కొలత టేపుతో తల కొలిచి, మెదడులో పుట్టే సన్నటి కరెంటును పట్టే బిళ్ళలు కుట్టిన టోపీ తొడగాలి. ఒక్కో బిళ్ళ కింద జుట్టు పాయ తీసి, దూదిపుల్లతో చర్మం మీద కాస్త రుద్ది, మొద్దు సూదితో చల్లటి జెల్ పెట్టాలి. సరిగ్గా అతికితే తెర మీద ఎర్రచుక్క పచ్చచుక్క అవుతుంది. అన్నీ పచ్చబడ్డాక ఆమె బయటికి వచ్చేస్తుంది, లోపల మనిషి కళ్ళు మూసుకుంటాడు, మెదడు గీతలు గియ్యడం మొదలుపెడుతుంది. అయిపోయాక జెల్ పోయేలా తలంటాలి. ఈ పనిలో మాట అవసరం ఎక్కడా లేదు. అవసరం లేదని మానేస్తే ఆమె రేడియో ఎలా అవుతుంది?

ఏం చెప్పేది అంటే, ముఖ్యమైనదేమీ కాదు. వాళ్ళాయన లిఫ్టు మెకానిక్కు. ఏ లిఫ్టులో ఎవరు ఇరుక్కున్నారు, ఇరుక్కున్న మొగుడూ పెళ్ళాలు బయటికొచ్చేసరికి ఎలా రాజీపడ్డారు, పక్కింటి పిల్లి తమ ఇంటికొచ్చి ఎంత అధికారంగా పడుకుంటుంది, ఇలాంటివి. కానీ ఆ కబుర్ల మధ్యలో ఒక పద్ధతి ఉంది. తలమీద చెయ్యి వేసేముందు ప్రతిసారీ చెప్పి వేస్తుంది. "ఇదిగో, ఇప్పుడు చెవి వెనక చల్లగా తగులుతుంది." "ఇప్పుడు నడినెత్తిన కాస్త రుద్దుతున్నాను, నొప్పుండదు." ఎంత మంచి కబురైనా అక్కడ ఆపి, ఇది చెప్పి, చెయ్యి వేసి, మళ్ళీ కబురందుకుంటుంది.

ఆ పద్ధతి పార్లర్‌లో నేర్చుకున్నది కాదు. అమ్మ మంచం దగ్గర నేర్చుకున్నది.

అమ్మ ఒకరోజు ఉన్నట్టుండి పడిపోయింది. మళ్ళీ లేవలేదు. చాలాకాలం అలాగే ఉంది. కళ్ళు తెరిచే ఉండేవి, చూపు మాత్రం ఎవరి మీదా నిలిచేది కాదు. పిలిస్తే పలికేది కాదు. ఆస్పత్రిలో ఒక ముసలి నర్సు రేడియో అక్కకి ఒక మాట చెప్పింది. "ఏం చేసినా ముందు చెప్పి చెయ్యమ్మా. వింటుందో లేదో మనకి తెలీదు. ఒకవేళ వింటుంటే, చెప్పకుండా చెయ్యేస్తే భయపడుతుంది." అప్పటినుంచి ఆమె చెప్పే చేసింది. అమ్మా, ఎడమవైపు దువ్వుతున్నాను. అమ్మా, నీళ్ళు గోరువెచ్చగానే ఉన్నాయి. చెప్పడం మొదలుపెట్టాక ఆ ఒక్క ముక్కతో ఆగడం తెలియక వీధిలో సంగతులు, ఇంట్లో సంగతులు అన్నీ చెప్పింది. అసలు అంతకుముందు ఆమె అంత వాగుడుకాయ కాదు. తమ్ముడు ఒకరోజు గుమ్మంలో నిలబడి చూసి, "గోడకి చెబుతున్నావక్కా" అని వెళ్ళిపోయాడు. అమ్మ పోయి చాలా ఏళ్ళయింది. ఆ మాట తగిలిన చోటు మాత్రం ఇంకా మానలేదు. రేడియో అక్క నోట్లో నువ్వుగింజ నానదని అందరూ అంటారు గానీ, ఈ ఒక్క సంగతి ఏ తలకీ చెప్పలేదు.

డాక్టరమ్మ పరిశోధనకి రెండు రకాల మనుషులు వచ్చేవాళ్ళు. ఏళ్ళ తరబడి ధ్యానం చేస్తున్నవాళ్ళు కొందరు, ధ్యానం ముఖం ఎరుగనివాళ్ళు కొందరు. ఇద్దరి గీతల్లోనూ తేడా చూడాలి. చిక్కేమిటంటే తేడా రావడం లేదు. రోజూ తెల్లారగట్ల లేచి కూర్చునే రిటైర్డ్ లెక్కల మాస్టారి గీతలూ, బస్సులో టిక్కెట్లు కొట్టే కండక్టరమ్మ గీతలూ పక్కపక్కన పెడితే కవలల్లా ఉన్నాయి. ఈ సంగతి ఎలాగో మాస్టారి చెవిన పడింది. "మీ మిషను పాడైందమ్మా. లేదా ఆవిడ ఎవరో మహాయోగిని అయ్యుండాలి" అని తేల్చేశాడు.

డాక్టరమ్మ మిషను విప్పించింది, బిగించింది, టోపీ మార్పించింది. చివరికి గదిలో ఉన్న కెమెరా తీసిన పాత వీడియోలు ముందేసుకుని కూర్చుంది. మర్నాడు రేడియో అక్కని పిలిచి తెర ముందు కూర్చోబెట్టింది.

"బాగా లావయ్యానమ్మా" అంది రేడియో అక్క తనను తాను చూసుకుని.

"మిమ్మల్ని కాదక్కా, కుర్చీలో ఉన్నాయన భుజాలు చూడండి."

వచ్చేటప్పుడు చెవుల దాకా ఉన్న భుజాలు, సగం బిళ్ళలు అతికేసరికి కిందికి దిగిపోయాయి. చేతివేళ్ళు విచ్చుకున్నాయి. ఇంకొకాయన, ఇంకొకావిడ, అందరిదీ అదే వరస.

"చూశారా? వీళ్ళు ధ్యానం మొదలుపెట్టక ముందే సగం అందులో ఉన్నారు. అదేమిటో తెలీనివాళ్ళు కూడా. ఉప్పు నీళ్ళలో ఇంకో చిటికెడు ఉప్పు వేసి రుచి మారిందా అని అడుగుతున్నట్టుంది నా పని."

"అంటే ఉప్పు నేనేనా?"

"అనుకుంటున్నాను. మీ మాట కావచ్చు, మీ వేళ్ళు కావచ్చు, ఏదీ కాకపోవచ్చు. తేల్చాలి."

తేల్చే పద్ధతి కూడా డాక్టరమ్మే చెప్పింది. రోజూ పొద్దున రేడియో అక్క ఒక చీటీ తీసి, చదివి, తేదీ వేసి తాళమున్న డబ్బాలో పడేస్తుంది. 'మాట' అని వస్తే ఎప్పటిలా మాట్లాడుతుంది. 'మౌనం' అని వస్తే పెదవి విప్పకూడదు. వేళ్ళు రెండు రోజులూ ఒకేలా పనిచేస్తాయి. టోపీ పెట్టే వేళకి డాక్టరమ్మ మేడ దిగి కిందే ఉంటుంది కాబట్టి, ఏ రోజు ఏ చీటీ వచ్చిందో గీతలు చదివే ఆమెకి చివరిదాకా తెలియదు.

"మాటే అని తేలితే?" అని అడిగింది రేడియో అక్క.

డాక్టరమ్మ కాసేపు పెన్ను మూత తీసి పెట్టింది. "తేలితే మీరు ఆ కుర్చీ దగ్గర ఉండకూడదక్కా. ఎల్లకాలం మిమ్మల్ని నోరు కట్టుకోమనడం నావల్ల కాదు, కట్టుకోవడం మీవల్లా కాదు. మిమ్మల్ని వదులుకోను, ఇంకో పని చూస్తాను. కానీ టోపీ మాత్రం వేరేవాళ్ళు పెట్టాలి."

"తేలకపోతే?"

"తేలకపోతే గొడవే లేదు. మీ మాట ఫ్యాను చప్పుడు లాంటిదే అనుకుంటాం. మీరెంతైనా మాట్లాడుకోవచ్చు."

డాక్టరమ్మ ధైర్యం చెబుదామనే అంది. రేడియో అక్క ఆ సాయంత్రం బస్సులో కిటికీ పక్కన కూర్చుని ఆ ఫ్యాను చప్పుడు గురించే ఆలోచించింది. ఆ కుర్చీ అంటే ఆమెకు ప్రాణం. తన మాట ఏ తలలోకీ వెళ్ళడం లేదని తేలితే కుర్చీ నిలుస్తుంది. కానీ కళ్ళు విప్పుకుని, మెలకువగా, చెవులు బాగా ఉన్నవాళ్ళ తలలోకే వెళ్ళని మాట, అమ్మ తలలోకి ఏం వెళ్ళుంటుంది? తమ్ముడన్నది నిజమైపోతుంది. కరవమంటే కప్పకు కోపం, విడవమంటే పాముకు కోపం అన్నట్టయింది ఆమె పని. దిగాల్సిన స్టాపు దాటిపోయి వెనక్కి నడిచి వచ్చింది.

మౌనం అనేది చీటీ రాగానే వచ్చేసే విద్య కాదు కదా, ఇంట్లో సాధన చేసుకుందామనుకుంది. వాళ్ళాయన అసలే మితభాషి. పెళ్ళయిన దగ్గర్నుంచి ఇంట్లో ఆయన వాటా మాటలు కూడా ఆమే మాట్లాడేస్తోంది. ఆ పూట కాఫీ గ్లాసు ఆయన ముందు పెట్టి, ఏమీ అనకుండా కూరగాయలు తరగడం మొదలుపెట్టింది. ఆయన కాసేపు చూశాడు. పేపరు మడిచాడు.

"ఏమైంది?" అన్నాడు.

ఏమీ లేదన్నట్టు తల ఊపింది.

"నేనేమైనా అన్నానా?"

లేదన్నట్టు ఊపింది.

"మా అక్కగానీ ఫోన్ చేసిందా?"

మళ్ళీ తల ఊపేసరికి ఆయనకి చెమట పట్టింది. లేచి వెళ్ళి, ఎప్పటినుంచో కారుతున్న వంటింటి కొళాయికి వాషరు మార్చాడు. మర్నాడు సాధన చేస్తే కిటికీ గడియ బాగైంది. ఆ మర్నాడు బీరువా తలుపు కిర్రుమనడం మానేసింది. ఊళ్ళో లిఫ్టులన్నీ బాగుచేసే మనిషి చేత ఇంట్లో పని చేయించడానికి తాను ఇన్నేళ్ళు నోరు పారేసుకుంది గానీ, నోరు మూసుకుంటే సరిపోయేదని ఆమెకు ఎవరూ చెప్పలేదు. బాల్కనీలో మాడిపోయిన బల్బు ఒక్కటే మిగిలింది. ఈలోగా ఆమెకు ఆయన మీద జాలేసి అసలు సంగతి చెప్పేసింది. బల్బు అలాగే ఉండిపోయింది.

పరిశోధన గదిలో మాత్రం మౌనానికి అంత మంచి ఫలితాలు లేవు. మొదటి మౌనం చీటీ రోజున కుర్చీలో లెక్కల మాస్టారు పడ్డాడు.

"ఏమ్మా, ఇవాళ వార్తల్లేవా?" అన్నాడు హుషారుగా.

రేడియో అక్క పెదవుల మీద వేలు పెట్టి చూపించింది.

"గొంతు నొప్పా?"

కాదంది తలతోనే. జుట్టు పాయ తీసింది. జెల్ చల్లగా తగిలేసరికి మాస్టారు కుర్చీలో ఒక జానెడు ఎగిరాడు. ఆ తరవాత ఆయనకి అనుమానం మొదలైంది. మెడ తిప్పకుండా, కళ్ళు మాత్రం పక్కకి తిప్పి, "నా తలలో ఏదైనా కనిపించిందా? ఉంటే చెప్పెయ్యమ్మా. పిల్లలందరూ స్థిరపడ్డారు, నాకే భయమూ లేదు" అన్నాడు, కుర్చీ చేతుల్ని రెండు చేతులా గట్టిగా పట్టుకుని. రేడియో అక్కకి నవ్వూ వచ్చింది, జాలీ వేసింది. ఆ రోజు మాస్టారి గీతలు చూస్తే ఆయన జన్మలో ఒకసారైనా కళ్ళు మూసుకుని కూర్చున్నాడని ఎవరూ నమ్మరు.

అలా రోజులు గడిచాయి. మాట వచ్చినరోజు ఆమెకు పండగ, మౌనం వచ్చినరోజు ఉపవాసం. ఒక 'మాట' రోజున ఆమెకు పాడుబుద్ధి పుట్టింది. మాట్లాడమన్నారు గానీ ఎలా మాట్లాడాలో చెప్పలేదు కదా. ప్రాణం లేకుండా, రైల్వే స్టేషన్లో మైకు చెప్పినట్టు చెప్పేస్తే పోలా? ఏ తేడా రాదు, కుర్చీ ఎక్కడికీ పోదు. ఆ రోజు వచ్చింది కండక్టరమ్మ. పొద్దుటి డ్యూటీ దిగి, కాళ్ళు పీకుతుంటే అలాగే వచ్చి కూలబడింది. రేడియో అక్క పిల్లి కబురు పాఠం అప్పజెప్పినట్టు అప్పజెప్పింది. మనసు మాట మీద లేకపోయేసరికి, చెప్పకుండానే చెవి వెనక జెల్ పెట్టేసింది.

"అమ్మో!" అని ఉలిక్కిపడింది కండక్టరమ్మ.

రేడియో అక్క చెయ్యి ఆగిపోయింది. ఒకవేళ వింటుంటే, చెప్పకుండా చెయ్యేస్తే భయపడుతుంది. మౌనం చీటీ నోరు కట్టేసిన రోజుల్లో తప్ప, ఇన్నేళ్ళలో తనంతట తాను ఆ మాట తప్పలేదు. కుర్చీ కోసం తప్పింది.

"తప్పు నాది తల్లీ" అంది సూది పక్కన పెట్టి. "మళ్ళీ మొదలుపెడదాం. కాళ్ళు ఈ స్టూలు మీద పెట్టుకో ముందు. ఇదిగో, ఇప్పుడు కుడిచెవి వెనక తాకుతున్నాను."

కండక్టరమ్మ టోపీ పూర్తయ్యేసరికే చిన్నగా గురక పెట్టింది. ఆ రోజు గీతలు లెక్కలోకి తీసుకోవద్దని రేడియో అక్కే డాక్టరమ్మకి చెప్పింది. ఎందుకని అడిగితే, "నా చెయ్యి బాగాలేదమ్మా ఇవాళ" అని ఊరుకుంది. ఆ తరవాత ఎటు తేలినా సరే, మాట రోజున నిండుగా మాట్లాడింది, మౌనం రోజున నిండుగా నోరు మూసుకుంది.

లెక్కలన్నీ అయ్యాక డాక్టరమ్మ చీటీల డబ్బా తెరిపించింది. రోజులూ గీతలూ జతపెట్టి చూసుకుంది. తరవాత కారిడార్‌లో టోపీలు ఆరేస్తున్న రేడియో అక్క దగ్గరికి వచ్చి నిలబడింది. ముఖం చూస్తే ఎవరినో బదిలీ చెయ్యడానికి వచ్చినట్టే ఉంది.

"అక్కా, మాటే" అంది.

"ఏంటమ్మా?"

"మీ మాటే. మీరు మాట్లాడిన రోజుల్లో తలలు ముందే కుదుటపడ్డాయి. ధ్యానం తెలిసినవాళ్ళవీ, తెలీనివాళ్ళవీ. మీరు మాట్లాడని రోజుల్లో మాత్రం రెండు రకాలకీ తేడా కనిపిస్తోంది. పాత గీతలన్నీ పక్కన పెట్టి మళ్ళీ మొదలుపెట్టాలి నేను." ఆరేసిన టోపీల వైపు చూస్తూ, "కుర్చీ సంగతి..." అంది.

"ఆగమ్మా, కుర్చీకేం తొందర? నా మాట తలలోకి వెళ్ళినట్టేనా?"

"వెళ్ళింది."

రేడియో అక్క చేతిలో తడి టోపీ అలాగే ఉంది. వైర్ల చివర్లనుంచి నీళ్ళు చీర మీద కారుతున్నాయి. ఆమె నవ్వుతోంది. నవ్వుతూనే కళ్ళు తుడుచుకుంటోంది. డాక్టరమ్మ కంగారుపడింది. "బాధపడకండక్కా, తలంటే పని మీకే ఉంచుతాను. గీతలు తీయడం అయిపోయాక ఎంత మాట్లాడినా నష్టం లేదు. సింకు దగ్గర మీ ఇష్టం."

"బాధ కాదమ్మా" అంది రేడియో అక్క. అంతకాలం ఏ తలకీ చెప్పనిది అప్పుడు చెప్పింది. అమ్మ సంగతి, నర్సు మాట, దువ్వెన, గోరువెచ్చని నీళ్ళు, తమ్ముడు గుమ్మంలో నిలబడి అన్నది. చెప్పి, పరీక్ష రాసిన పిల్లలా డాక్టరమ్మ ముఖంలోకి చూసింది. "మరైతే మా అమ్మ కూడా విన్నట్టే కదా?"

అవునని ఒక్క ముక్క అంటే పోయేది. డాక్టరమ్మకి అబద్ధం చేతకాదు. గోడకి చేరబడింది.

"నేను చూసింది మెలకువగా ఉన్నవాళ్ళని అక్కా. మీ అమ్మగారి గురించి నేను చెప్పలేను. నేనే కాదు, అప్పటి అమ్మగారి తల గురించి ఇప్పుడు ఎవరూ చెప్పలేరు. కానీ అలా పడుకుని ఉన్నవాళ్ళలో కొందరి మెదడు, పైకి ఏ జవాబూ లేకపోయినా, మాట విన్నట్టు కదులుతుందని చూసినవాళ్ళున్నారు. అమ్మగారు వాళ్ళలో ఉన్నారో లేదో తెలీదు. గోడ అని మాత్రం ఎవరైనా అంటే, అలా అనడానికి వీల్లేదని నేను చెబుతాను. ఎక్కడైనా చెబుతాను."

రేడియో అక్క తల ఊపింది. అవును అనిపించుకోవాలని ఆశపడింది గానీ, అవును అంటే డాక్టరమ్మ ఓదారుస్తోందని అనుమానం వచ్చేదేమో. ఇది నిజం. నిజం కాబట్టి మోయడానికి తేలిగ్గా ఉంది. టోపీని తీగకి తగిలించి, "అన్నం తిన్నారా ఇవాళ?" అని అడిగింది. డాక్టరమ్మ ఆలోచనలో పడింది.

ఆ సాయంత్రం ఇంటికి వచ్చి, చెప్పులు విడిచీ విడవకముందే తమ్ముడికి ఫోన్ చేసింది. వేరే ఊళ్ళో కళ్ళద్దాల షాపు అతనిది. ఎత్తగానే పలకరింపులేవీ లేకుండా మొదలుపెట్టింది.

"ఒరేయ్, అమ్మని గోడ అనడానికి వీల్లేదటరా. మా డాక్టరమ్మ చెప్పింది." చీటీలు, మాస్టారు, గీతలు అన్నీ ఊపిరి తీసుకోకుండా చెప్పేసింది.

"ఉన్నావా?" అంది చివర్న.

"ఉన్నానక్కా" అన్నాడు తమ్ముడు. "ఆ మాట ఇంకా పట్టుకునే ఉన్నావా నువ్వు?"

"మరి అన్నావుగా."

"అన్నాను. నువ్వలా గలగలా మాట్లాడుతుంటే, అమ్మ అలా చూస్తుంటే నాకు ఏడుపొచ్చేది. ఏడవలేక అన్నాను." అతని గొంతు తగ్గింది. "నువ్వు మందులకి వెళ్ళినప్పుడు నేనేం చేసేవాణ్ణో తెలుసా? తలుపేసుకుని అమ్మతో మాట్లాడేవాణ్ణి. ఎవరైనా చూస్తే నవ్వుతారని తలుపేసుకునేవాణ్ణి."

రేడియో అక్క గోడవారగా నేల మీద కూర్చుంది. "ఏం మాట్లాడేవాడివిరా?" అంది.

తమ్ముడు చెప్పడం మొదలుపెట్టాడు. ముందు తడబడ్డాడు, తరవాత ఆగలేదు. ఆమె మధ్యలో ఒక్క ముక్క కూడా అనలేదు. ఆ రోజు ఆమె ఏ చీటీ తియ్యలేదు.

పనినుంచి వచ్చిన వాళ్ళాయన గుమ్మంలో ఆగిపోయాడు. ఫోను చెవి దగ్గర పెట్టుకుని, నోరు మూసుకుని కూర్చున్న పెళ్ళాన్ని చూశాడు. ఏమైందని సైగ చేశాడు. ఆమె జవాబివ్వలేదు. ఆయన సంచీ దింపి, చప్పుడు కాకుండా స్టూలు తీసుకుని, బల్బు మార్చడానికి బాల్కనీలోకి వెళ్ళాడు.